సెన్సర్ ఖరాబైంది

మెకానిక్ సాయిమా బానెట్ ఎత్తింది. ఇంజన్ చల్లగా ఉన్నా ఫ్యాన్ ఆగకుండా తిరుగుతోంది. వారం కిందట తాను బిగించిన టెంపరేచర్ సెన్సర్ వైరును ఎవరో చేత్తో ఊడబీకారు.

"కొత్త సెన్సర్ గూడ పోయిందా?" కారు యజమాని మాధవరెడ్డి అడిగాడు.

ఆయన భార్య సుగుణమ్మ సాయిమా చెవిలో గొణిగింది. "ఈయనకు కంటి ఆపరేషనైంది. నెలదాక బండి నడపొద్దన్నరు. చెప్తె ఇంటలేడు."

సాయిమా నవ్వాపుకుంది. "ఖరాబైంది సార్. ఇంకోటి రానీకి నెల పడ్తది. అందాక బండి తియ్యొద్దు."

సుగుణమ్మ హుషారుగా చాయ్ పెట్టడానికి లోపలికెళ్లింది.

మాధవరెడ్డి గొంతు తగ్గించాడు. "మంచిగ చెప్పినవ్ బిడ్డా. ఆమె వైరు పీకంగ నేన్ జూసిన."

"మరి నన్నెందుకు పిలిచిన్రు సార్?"

"రోడ్డు మసకమసకగ కనవడ్తుందని ఆమె ముందల ఎట్ల ఒప్పుకోవాలె?"