చివరి స్వరం పడేలోగా

పైవాటాలో అద్దెకుండే ఫిడేలు మాస్టారు కొత్త బాణీ కట్టినప్పుడల్లా, కింద నా వంటింట్లో చల్లారిన పాలు మళ్ళీ పొగలు కక్కేవి. అదేమిటని అడిగితే ఆయన నవ్వారు.

"నా బాణీ కాలాన్ని వెనక్కి నడిపిస్తుందమ్మా. చివరి స్వరం పడగానే కాలం మళ్ళీ తన చోటికి వచ్చేస్తుంది."

"అయితే మా ఆయన పోయే ముందు రాత్రికి నడిపించండి. ఒక్కసారి ముఖం చూస్తాను."

"చూసి ఏం చేస్తారు?"

"తిడతాను. కాస్త చెప్పి పోకూడదా అని."

ఆ రాత్రి మాస్టారు మెట్ల మీద కూర్చుని వాయించారు. నేను వాకిట్లో నిలబడ్డాను. వీధి దీపం మెల్లగా మసకబారింది. ఎప్పుడో తీయించేసిన పాత తలుపు నా గుమ్మానికి మళ్ళీ కనిపించింది. దాని వెనక మా ఆయన దగ్గు. తలుపు తట్టాను.

"ఎవరో వచ్చారే. తియ్యనా?" అన్నారు లోపల మా ఆయన.

"ఇంత రాత్రప్పుడు ఎవరొస్తారండీ? గాలి అయ్యుంటుంది, పడుకోండి" అంది ఒక ఆడగొంతు.

ఆ గొంతు నాదే.

అప్పుడు గుర్తొచ్చింది. ఆ రాత్రి నిజంగానే ఎవరో తలుపు తట్టారు. గడియ మీద చెయ్యి వేసిన మా ఆయన్ని, భయపడి, నేనే వెనక్కి లాగాను.

"నేనేనే! ఆయన్ని తియ్యనివ్వవే!" అని అరిచాను.

గడియ సగం కదిలింది. వెంటనే లోపల గాజుల చప్పుడయింది. నా వెనక మెట్ల మీద, చివరి స్వరం కోసం మాస్టారి ఫిడేలు కమాను పైకి లేచింది.