బావమరిది ఆటో

“ఆటో ఎటు నుంచి వచ్చింది?” కృష్ణంరాజు అడిగాడు.

“ఎదురుగా వచ్చిందండి,” అన్నాడు మంచం మీదున్న గవర్రాజు.

“ఎనకాల నుంచండి,” అన్నాడు గుమ్మంలో నిలబడ్డ బావమరిది చంటి.

గవర్రాజు భార్య నాగమణి తమ్ముడి వైపు ఒక చూపు చూసింది. చంటి తల దించుకున్నాడు.

“మిమ్మల్ని సూసి కంగారుపడిపోతన్నారండి,” అందామె. “ఇన్సూరెన్సు సారు వస్తారని వకీలుగారి గుమాస్తా ముందే సెప్పినాడు. టీ తాగుతారేటి?”

“వద్దు.”

గవర్రాజుది పద్మనాభం ఊరు. అచ్యుతాపురం ఫ్యాక్టరీలో కాంట్రాక్టు కూలీ. ఓ తెల్లవారుజామున కంపెనీ బస్సెక్కడానికి రోడ్డు పక్కన నడిచిపోతుంటే బండి గుద్దింది. ఎడమ కాలు మోకాలి కింద తీసేశారు. గుద్దింది తన సరుకుల ఆటోయేనని చంటి స్టేషన్లో ఒప్పుకున్నాడు. నష్టపరిహారం ఆ ఆటో ఇన్సూరెన్సు నుంచి రావాలి.

“సొంత బావనే గుద్దావా?” కృష్ణంరాజు చంటిని అడిగాడు.

“సీకటండి. బావో బయటోడో ఎలా తెలుస్తాదండి?”

“తెలిసుంటే ఇంకా గట్టిగా గుద్దుండేవోడండి,” అన్నాడు గవర్రాజు. “ఆడి పెళ్ళికి నాను ఉంగరం పెట్టలేదని కచ్చి.”

ఎవరూ నవ్వలేదు.

“గుద్దాక ఏం చేశావు?”

“ఆగినానండి. బావని ఆటోలో ఏసుకుని ఆస్పత్రికి తీసికెళ్ళినాను.”

ఆగాడట. ఎత్తుకెళ్ళాడట. కృష్ణంరాజు ఆ రెండు మాటలూ రాసుకున్నాడు.

“ఆ మలుపులో లైట్లు లేవు. గవర్రాజూ, నువ్వు బండిని చూశావా?”

“సూసినానండి.” అడక్కుండానే నంబరు అప్పజెప్పాడు.

“కారో లారీయో కాదు కదా?”

“సింహాద్రి అప్పన్న సాచ్చిగా ఆటోయేనండి.”

కట్టు మీద ఈగ వాలింది. గవర్రాజు దాన్ని తోలుకుంటూ మళ్ళీ నంబరు చెప్పాడు. పోయిన కాలు నిజం. దాని గురించి ఈ ఇంట్లో పలికే ప్రతి మాటా అబద్ధం. ఇక అక్కడ కూర్చోవాలంటే కృష్ణంరాజుకు రోత పుట్టింది. లేచాడు.

నాగమణి వెనకే వీధిలోకి వచ్చింది.

“బాబూ, మీకు తెలిసిపోనాది. మీ మొకం సూత్తేనే అర్థమైపోనాది నాకు.”

అతను వీధి అటూ ఇటూ చూశాడు.

“గుద్దినోడు ఆగలేదండి. మా ఆయన తెల్లారీదాకా రోడ్డు పక్కన రగతంలో పడున్నాడు. గుద్దిన బండి దొరక్కపోతే గవర్మెంటు ఇచ్చేది మందులకి కూడా సాలదట. తెలిసినోల బండి పెట్టండని గుమాస్తాయే సెప్పినాడు. దొరికినదాంట్లో ఆడికీ వాటా ఉందిలెండి. మా తమ్ముడు, జైలుకైనా ఎల్తానక్కా అన్నాడు.”

“అసలు బండిని ఎవరూ చూడలేదా?”

“ఎవులూ సూళ్ళేదు బాబూ.”

“మీ ఆయన కూడా?”

“ఎనక నుంచి గుద్దితే ఆయనేటి సూత్తాడు? వెంటనే తీసుకొచ్చుంటే కాలు ఉండేదన్నారు డాక్టరుగారు.” ఆమె కొంగుతో ముక్కు తుడుచుకుంది. “ఇదంతా రాయకండి. ఇద్దరు ఆడపిల్లలు. కాలు లేనోడికి ఏ కాంట్రాక్టరు పనిస్తాడు? మీరు ఒక్క ముక్క రాస్తే మా తమ్ముడూ పోతాడు, మేమూ పోతాం.”

“రాయను.”

“నిజంగానా?”

“ఎవరితోనూ అనను. ఎవరు అడిగినా మీరు ఆటో అనే చెప్పండి. ముగ్గురూ ఒకే మాట మీద ఉండండి. వెనక నుంచి వచ్చిందనే చెప్పండి.”

నాగమణి వంగి అతని కాళ్ళు పట్టుకోబోయింది. అతను వెనక్కి జరిగాడు. రోత ఇంకా పోలేదు.

“మీరు సల్లగా ఉండాలి బాబూ,” అందామె. “ఆ గుద్దినోడు మాత్రం పురుగులు పడి సావాల.”

కృష్ణంరాజు తలూపాడు. ఊరి బయట ఆపిన కారు దాకా నడిచి, ఎక్కి, విశాఖ సీతమ్మధారలో ఉన్న భార్యకు ఫోన్ చేశాడు.

“ఆ రోజు వాళ్ళెవరూ నన్ను చూడలేదు.”