కొత్త వెర్షన్

"పాతది తీసెయ్యాలె అక్కా. తీసేసి కొత్తది ఎక్కించాలె."

సాయికుమార్ మాట పూర్తి కాకముందే గంగమణి అతని చేతిలోంచి ఫోను లాక్కుంది.

"తీసేస్తె ఎట్ల తమ్మీ? మా ఆయన అండ్లనే మాట్లాడుతడు."

"నాకు తెల్వదా? ఎక్కించిందే నేను."

బోధన్ బస్టాండు ఎదుటి సాయికుమార్ మొబైల్ దుకాణానికి ఆమె రావడం ఈ వారంలో మూడోసారి. ఫోన్‌లో లూడో ఆట తెరుచుకోక పది రోజులైంది. నొక్కితే ఇంగ్లీషులో రెండు ముక్కలు కనబడి మూసుకుపోతోంది. అప్‌డేట్ చెయ్యమంటోందని అయిదో తరగతి చదివే కూతురు రుచిత చదివి చెప్పింది.

ఆ ఆట ఆడుకోవడానికి కాదు. దుబాయ్‌లో వాట్సాప్ కాల్ నడవదు. లూడోలో మైకు పెడితే మాత్రం ఇద్దరూ మాట్లాడుకోవచ్చు. ఆ ఉపాయం చెప్పింది గంగమణి భర్త భూమేషే. బీడీలు చుట్టీ చుట్టీ అరిగిన ఆమె వేళ్లను ఫోను గుర్తుపట్టదు కాబట్టి రుచిత ఊరికే పాచికలు వేస్తూ ఉంటుంది, మొగుడూ పెళ్లాలు మాట్లాడుకుంటారు. ఏడాదిన్నరగా వాళ్ల సంసారం ఆ నాలుగు రంగుల గళ్లలోనే నడుస్తోంది.

"గేములు వాటంతటవే కొత్తగయితయంటరు గద?"

"ప్లే స్టోర్ల ఉన్నయి అయితయి. ఇది అండ్ల దొరకది. బయటకెంచి ఫైలు తెచ్చి ఎక్కించింది. మనం ఎక్కిస్తెనే కొత్తది, లేకుంటె పాతదే. అన్న ఫోన్ల గూడ ఇదే ఎక్కాలె. ఒకల్ది పాతది, ఒకల్ది కొత్తది ఉంటె కలువది."

"మరి ఆయనకెట్ల?"

"వాట్సాప్‌ల ఫైలు పంపిస్త. అక్కడ కాలే బంద్, ఫైలు పోతది."

గంగమణి ఫోను మళ్లీ అతని ముందు పెట్టింది.

"ఇయ్యాల ఎట్లనన్న కలుపు తమ్మీ. రేపటికి మా మామ పోయి ఏడాది. కొడుకు గొంతు వినందే ముద్ద ముట్టనని మా అత్త కూసున్నది. పోయినేడు అగ్గి పట్టనీకె గూడ ఆయన రాలె. కంపెనోడు పాస్‌పోర్టు ఇయ్యలేదంట. ఇగో, ఈ పిల్లనే పట్టింది."

"కుండ మస్తు కాలింది," అంది రుచిత.

సాయికుమార్ ఫోను అందుకున్నాడు. పాతది తీసేశాడు. కొత్తది ఎక్కించాడు. అది మైకు అడిగింది, ఫొటోలు అడిగింది, లొకేషన్ అడిగింది. అన్నింటికీ ఒప్పుకుంటూ అలో, అలో అని నొక్కుతూ పోయాడు.

"గట్ల చదవకుండనే నొక్కుతవేందన్నా?" అంది రుచిత.

"చదివితె దుకాణం నడుస్తదా బిడ్డా? అడిగినదానికల్ల అలో కొట్టుడే. ఒక్కదానికి వద్దన్నా మొండికేస్తది."

అదే ఫైలును భూమేష్‌కు పంపి, కింద టైపు చేశాడు. "అన్నా, పాతది తీసేసి ఇది ఎక్కించుకో. ఏం అడిగినా అలో అను. లేకుంటె మాట పోదు."

అయిదు నిమిషాలకు బొటనవేలి బొమ్మ వచ్చింది. రుచిత ఆట తెరిచింది. ఎవరెవరివో పేర్లు, వాటి కింద అంకెలు.

"రాజా అంట, ఒక కిలోమీటరు అంట. గిదేందన్నా?"

"కొత్త దాంట్ల గిది పెట్టిండ్రు. ఎవరు ఎంత దూరంలకెంచి ఆడుతున్నరో చూపెడ్తది. మీ బాపుని రానీ, వేలల్ల పడ్తది."

అంతలో భూమేష్ గొంతు దుకాణమంతా వినిపించింది.

"గంగమణీ, ఇనస్తుందా?"

పది రోజుల తర్వాత ఆ గొంతు. గంగమణి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. రుచితే పలికింది. "ఇనస్తుంది బాపూ. నేను రెడ్డు తీసుకున్న."

అవతల ఎవరో మరాఠీలో గట్టిగా పిలుస్తున్నారు.

"ఎవరయ్యా వాళ్లు?" అంది గంగమణి.

"రూంల నాందేడోళ్లున్నరు. వాళ్లదే లొల్లి. అవ్వ మంచిగున్నదా?"

"తింటలేదు. రేపు నువ్వు లేకుండనే ఏడాది పెట్టాలె. పంతులు మళ్ల కొడుకేడి అంటడు. ఏం చెప్పాలె?"

"ఏం చెప్తవ్? ఎండ ఇక్కడ నెత్తిని కాలుస్తుంది. లీవియ్యరు, పాస్‌పోర్టియ్యరు. దేశం గాని దేశంల పడ్డ." ముక్కు చీదిన చప్పుడు వినిపించింది. "బాపు పోయిన్నాడు నాకు గోడకు తల కొట్టుకోబుద్ధయింది. దగ్గరుంటె నడుసుకుంటనన్న రాకపోదునా?"

గంగమణికి కన్నీళ్లు ఆగలేదు. "నీ తప్పేమున్నదయ్యా, ఏడ్వకు," అంది. సాయికుమార్ మర్యాదగా అటు తిరిగి, బాగుచేయాల్సిన ఫోనొకటి చేతిలోకి తీసుకున్నాడు.

రుచిత మాత్రం పాచిక వెయ్యడం ఆపి తెరవైపు చూస్తోంది.

"అన్నా, బాపు పేరు కింద గూడ పడ్డది. ఇరవై మూడు కిలోమీటర్లంట."

"రెండు వేల మూడొందలుంటది బిడ్డా," అన్నాడు సాయికుమార్ తల తిప్పకుండానే. "సున్నాలు మంచిగ చూడు."

అవతల భూమేష్ మాట ఆగిపోయింది. నాందేడ్ వాళ్ల లొల్లి ఒక్కటే వినబడుతోంది.

రుచిత ఫోను కళ్ల దగ్గరికి తెచ్చుకుని చూసింది.

"సున్నాలు లేవన్నా."