గేటు ముందర పాట

"లేవండి! గెస్టుల కార్లు ఉప్పల్ రింగు రోడ్డు దాటాయట. ఇంకాసేపట్లో ఇక్కడుంటారు" అని అరిచాడు మేనేజర్ రామ్మోహనరావు.

నాచారంలోని ఆ ఫ్యాక్టరీ గేటుకు అడ్డంగా కూర్చున్న ఆడవాళ్లలో ఒక్కరూ కదల్లేదు.

"జాలి పెట్టిస్త అని ఒక్క మాట చెప్పు సారూ. గిప్పుడే లేస్తం" అంది ముందు వరసలో ఉన్న సత్తమ్మ.

ఆమె అడుగుతున్నది ప్రెస్ మిషన్‌కు ముందుండే ఇనుప జాలి. అది ఉంటే చెయ్యి లోపలికి పోదు. పని చురుగ్గా సాగడం లేదని రామ్మోహనరావే దాన్ని పీకించాడు. పోయిన వారం పద్మావతి వేళ్లు రెండు ఆ మిషన్‌లో తెగిపోయాయి. జాలి బిగించేదాకా దానిమీద పని చేసేది లేదన్న పాపానికి అందరినీ బయటికి పంపేశాడు. పద్మావతి కూడా దవాఖానా నుంచి నేరుగా వచ్చి, కట్టు కట్టిన చెయ్యి ఒళ్లో పెట్టుకుని వాళ్ల మధ్యే కూర్చుంది.

"వచ్చేది జర్మనీ వాళ్లు. ఈ ఆర్డరు పోతే ఫ్యాక్టరీయే ఉండదు. అప్పుడేం తింటారో, ఎట్లా తింటారో చూస్తాను."

"ఉన్న వేళ్లతోని తింటం సారూ."

ఆడవాళ్లు గొల్లుమని నవ్వారు. పద్మావతి కూడా నవ్వింది. రామ్మోహనరావు మొహం ఎర్రబడింది. సత్తమ్మ అతనివైపు చూడకుండానే గొంతెత్తింది. మిగతావాళ్లు అందుకున్నారు.

"జాలి లేదు మిషినుకు, జాలి లేదు సారుకు,
జాలి పెట్టేదాక మేము చెయ్యి పెట్టం మిషినుల..."

రామ్మోహనరావు చెవి రిక్కించాడు. ఆ బాణీ అతనికి తెలుసు.

"ఇది చర్చి పాట కదూ! మా కాన్వెంటులో పొద్దున్నే ప్రేయర్‌కి పాడించేవాళ్లు. మీరంతా ఎప్పుడు మతం మారారు?"

"మేం బతుకమ్మ ఆడెటోళ్లమే. చిన్నప్పుడు మిషనరీల బడిల చదివిన, ఆడ నేర్చుకున్న. బాణీ ఆళ్లదే గానీ మాటలు మాయి. ఏం, పాడొద్దా?"

"పాడొద్దు!"

"అయితె ఇంకింత గట్టిగ పాడుతం."

అన్నట్టుగానే పాడారు. రోడ్డు మీద పోయే షేర్ ఆటోలు ఆగి చూస్తున్నాయి. రామ్మోహనరావు విసురుగా వెనక్కి తిరిగాడు. గేటు లోపల, స్వాగతం కోసం కట్టిన పందిరి పక్కన, ఆఫీసులో కొత్తగా చేరిన తేజేష్ పెద్ద స్పీకర్లు సర్దుతున్నాడు.

"తేజేష్! పాట పెట్టు. సౌండు మొత్తం పెంచు. వీళ్ల గొంతు బయటికి రాకూడదు."

"సార్, స్వాగతానికి మీరు తెమ్మన్నది ఒక్కటే ఉంది. అది గెస్టులు దిగినంక..."

"ఇప్పుడే పెట్టమంటుంటే!"

అప్పుడే మలుపులో రెండు నల్ల కార్లు కనిపించాయి. తేజేష్ మీట నొక్కాడు.

గేటు అదిరిపోయేలా బ్యాండు మోగింది. బూరలు, డ్రమ్ములు... ఆడవాళ్ల గొంతులు ఒక్కసారిగా ఆగిపోయాయి. రామ్మోహనరావు తృప్తిగా కోటు సర్దుకున్నాడు.

పక్కనే కూర్చున్న సక్కుబాయి సత్తమ్మ మోచెయ్యి పట్టుకుంది. "అక్కా, ఇను! మన పాటనే గదనే!"

అదే బాణీ. అణువంత తేడా లేదు.

"ఎవలు పెడితేంది? లేవుండ్రి, ఎత్తుకోండ్రి!" అంది సత్తమ్మ.

అందరూ లేచి నిలబడ్డారు. అప్పటిదాకా చప్పట్లు తప్ప తోడు లేని పాటకు బ్యాండు మేళం తోడైంది. పద్మావతి కట్టు కట్టిన చెయ్యి తలకంటే పైకెత్తి మరీ పాడింది.

కార్లు ఆగాయి. నెరిసిన జుట్టున్న ఒకావిడ, ఇద్దరు మగవాళ్లు దిగారు. దిగినవాళ్లు దిగినచోటే ఆగిపోయారు. చేతులు ఒంటికి ఆనించి, గడ్డం పైకెత్తి, కదలకుండా నిలబడ్డారు. రామ్మోహనరావు పూలదండ పట్టుకుని ఎదురెళ్లాడు. ఆవిడ దండవైపు చూడనైనా లేదు.

"ఆపరా, ఆపు!" అన్నాడతను వెనక్కి తిరిగి.

తేజేష్ కూడా స్పీకరు పక్కన నిటారుగా నిలబడి ఉన్నాడు, మీట ముట్టుకోలేదు. రామ్మోహనరావే పరుగున వెళ్లి చెయ్యి చాపాడు. గేటు అవతలి నుంచి ఆవిడ చూసిన చూపుకు ఆ చెయ్యి దానంతటదే కిందికి దిగింది. ఏం చేయాలో తోచక అతనూ నిలబడిపోయాడు, తనకు జాలి లేదన్న పాట చివరిదాకా వింటూ.

బ్యాండు ఆగింది. ఆవిడ తిన్నగా పద్మావతి దగ్గరికి వచ్చింది. కట్టు చూసింది. ఏం జరిగిందని ఇంగ్లీషులో అడిగింది. వాళ్లలో ఇంటర్ చదివిన దీప ముందుకొచ్చి, వచ్చిన ఇంగ్లీషులో, రానిచోట చేతులతో, పాటలో ఉన్నదంతా చెప్పింది. వింటున్నకొద్దీ ఆవిడ మొహం గట్టిపడింది.

"ముందు ఆ మిషన్ చూపించండి" అంది రామ్మోహనరావుతో. "వీళ్లందరూ మాతో పాటే లోపలికి రావాలి. జాలి బిగించాకే ఆర్డరు సంగతి."

గేటు బార్లా తెరుచుకుంది. సత్తమ్మ పద్మావతి భుజం మీద చెయ్యి వేసి అందరికంటే ముందు నడిచింది.

వాళ్లు అటు వెళ్లగానే రామ్మోహనరావు తేజేష్ కాలరు పట్టుకున్నాడు. "స్వాగతానికి తెమ్మన్నది పెట్టరా అంటే, ఆ చర్చి పాట పెట్టి నా కొంప ముంచావు కదరా!"

తేజేష్ నెమ్మదిగా కాలరు విడిపించుకున్నాడు.

"చర్చి పాట కాదు సార్, బాణీ ఒకటే అంతే. నేను పెట్టింది మీరు తెమ్మన్న జర్మనీ జాతీయ గీతం!"