ముఖమంత చెయ్యి

వేళ్లను సాగదీసింది శివకృష్ణే, ఇంకెవడికుంటుంది అంత కక్ష అనుకుంటూ సీతారాములు సెల్‌ఫోన్ వెలుగును పటం మీదికి తిప్పాడు. చనిపోయిన భార్యను తన చేత్తో గీసుకున్న పటం అది. ఒడిలో పెట్టుకున్న ఆమె చెయ్యి నిన్నటికన్నా పొడుగ్గా ఉంది.

డ్రాయింగు మాస్టారుగా ఆయన జీవితమంతా నమ్మింది ఇటలీ పునరుజ్జీవన చిత్రకారుల కొలతనే. గడ్డం నుంచి జుట్టు మొదలయ్యే దాకా ముఖమెంతో, మణికట్టు నుంచి నడిమివేలి కొస దాకా చెయ్యి అంత. శివకృష్ణను కొడుకులా కూర్చోబెట్టుకుని నేర్పాడు. వాడు మొన్న మెడలూ వేళ్లూ సాగిన బొమ్మలు తెచ్చి ముందు పెట్టాడు.

"ఆ గురువుల తర్వాతోళ్లు గిట్లనే గీసిండ్రు సార్. మ్యానరిజం అంటరు. కొలత వచ్చినంక దాన్ని దాటొద్దా?"

"గట్లనా? అయితే నా గడప గూడ దాటి పో!"

కానీ పటం మీద రంగు పాతదే, ఎండిపోయి ఉంది. గది తాళంచెవి ఆయన జేబులోనే ఉంది. మగ్గాల ఇంట్లో పుట్టిన అలవాటుతో నూలుపోగు తీసి ముఖాన్ని, చేతిని కొలిచాడు. చెయ్యే ఎక్కువ.

"నువ్వు గూడ వాని దిక్కేనా, ఉషా?"

అప్పుడు గమనించాడు, నిన్నటిదాకా ఫోను అంచు దాటని తన వేళ్లు ఇప్పుడు దాని చుట్టూ తిరిగివచ్చి మళ్లీ తన అరచేతినే తాకుతున్నాయి.

వెలుగు ఆర్పేశాడు. చీకట్లో మణికట్టును గడ్డానికి ఆనించి, వేళ్లను మెల్లగా నుదుటి మీదికి చాపాడు.