హీరోయిన్ ఎవరు?

“వేషం ఏంటో ఒక్క ముక్కలో చెప్పేస్తాను, వినండి” అంది నిర్మాత, అప్పటికి నాలుగోసారి.

“ఆగమ్మా, ముందు నా మాట విను” అన్నాడు హీరో. అదీ నాలుగోసారే.

ఆవిడ కణతలు నొక్కుకుంది. పక్కనే రచయిత గంట నుంచీ కథ ఫైలు తెరుస్తున్నాడు, మూస్తున్నాడు, మళ్ళీ తెరుస్తున్నాడు. సోమవారం షూటింగ్ మొదలు. ఈ వేషానికి ఒప్పుకున్న నటుడు నిన్న మెట్ల మీద జారి కాలు విరగ్గొట్టుకున్నాడు. ఇంత తొందరలో దొరికేది, నాలుగేళ్ళుగా ఖాళీగా ఉన్న ఈయనొక్కడే. లేకపోతే ఈయన్ని భరించే ఓపిక ఆవిడకి ఎప్పుడో అడుగంటింది.

“విగ్గు నేనే తెచ్చుకుంటాను. నిగనిగలాడే నల్లది.”

“విగ్గు సంగతి మేకప్‌మాన్ చూసుకుంటాడు. వేషం ఏంటంటే...”

“టైటిల్స్‌లో ముందు నా పేరు పడాలి.”

“మీదే పడుతుంది.”

“కథలో నా మాటకి ఎదురుండకూడదు.”

“ఉండదండీ! హీరోయిన్ మీరు గీసిన గీత దాటదు. రోజంతా మీ చుట్టూనే తిరుగుతుంది. ఆఖర్న మీ ఒళ్ళో తల పెట్టుకుని భోరున ఏడుస్తుంది కూడా. చాలా?”

హీరో ముఖం చాటంత అయింది. “అదీ! కథంటే అలా ఉండాలి. ఏదో సరదాకి సినిమాలు తీస్తున్నావనుకున్నాను. ఇది రెండోదా, మూడోదా?”

“పదకొండోది.”

“అంతా నా దగ్గర నేర్చుకున్నదేగా! నా పక్కన ఎన్ని వేషాలు వేశావు! ప్రియురాలివి, వదినవి, అత్తవి. అమ్మగా వేస్తే ఏకంగా అవార్డే వచ్చింది. ఎవరి చలవ?”

“అప్పటికి నాకు ముప్ఫై తొమ్మిది. మీకు నలభై రెండు” అంది నిర్మాత పళ్ళు బిగించి.

“కళాకారులకి వయసేంటమ్మా!”

రచయిత గొంతు సవరించుకున్నాడు. “సార్, మొదటి సీను...”

“సీన్లు సెట్లో చూసుకుందాం. నేను కథలు విని హిట్లిచ్చానా?”

“పోనీ, మీ వేషమైనా...”

“హీరో వేషమేగా! నాకు ఇంకేం ఇస్తారయ్యా?”

రచయిత ఫైలు మూసేశాడు. చెవిటివాడి ముందు శంఖం ఎంతసేపని ఊదుతుంది మనిషి! నిర్మాత ఒప్పందం కాగితాలు ఆయన ముందుకి తోసింది.

“అన్నీ అందులో రాసే ఉన్నాయి. నిదానంగా చదువుకుని సంతకం పెట్టండి.”

చదవాలంటే కళ్ళజోడు కావాలి. కళ్ళజోడు జేబులోనే ఉంది. కానీ అది పెట్టుకుంటే ముసలాడనుకుంటారని ఆయన భయం. చివరి పేజీ తిప్పి, అభిమానికి ఆటోగ్రాఫ్ ఇచ్చినట్టు బరబరా గీకేశాడు. కలం మూత పెడుతుంటే అసలు విషయం గుర్తొచ్చింది.

“ఇంతకీ హీరోయిన్ ఎవరు? మరీ ముదురు పిల్లయితే నా పక్కన బాగోదు. ముందే చెబుతున్నా, పాతికలోపు ఉండాలి.”

“నేనే” అంది నిర్మాత.

హీరో రచయిత వంక చూశాడు. రచయిత ఫైలు వంక చూశాడు.

“నువ్వా! నీకు అరవై దగ్గర పడుతున్నాయి కదమ్మా! మనిద్దరం జోడీ ఏంటి? జనం నవ్విపోతారు!”

ఆవిడ కాగితాలు తీసుకుని, సొరుగులో పెట్టి తాళం వేసింది. ఆ గంటలో మొట్టమొదటిసారి నవ్వింది.

“జోడీ అని ఎవరన్నారు? మీకు తెల్ల విగ్గు తెప్పించాను. సోమవారం పొద్దున్నే ఆరింటికల్లా మేకప్‌కి వచ్చెయ్, నాన్నా!”