అరచేతిలో జవాబు

"కిందటి మ్యాచ్ ఎవరితో ఆడాం కెప్టెన్?"

నీళ్ళ సీసా చేతికిస్తూ బాబాయ్ ఎప్పుడూ అడిగే ప్రశ్నే అది.

రగ్బీ జట్టుకి నీళ్ళందించే ఆ ముసలాయన్ని అందరూ బాబాయ్ అనేవాళ్ళు. అసలు పేరేమిటని ఎవరూ అడిగిన పాపాన పోలేదు. కుర్రాళ్ళు ఆయన ప్రశ్నకి నోటికొచ్చిన జవాబు చెప్పి నవ్వుకునేవాళ్ళు. కెప్టెన్ ఒక్కడే ఓపిగ్గా సరైన జవాబు చెప్పేవాడు. ఆయనంటే అతనికి అంత గురి.

ఆ గురితోనే ఒకసారి తన గుట్టు కూడా విప్పాడు.

ఆటలో తలకి దెబ్బ తగిలితే డాక్టరు జ్ఞాపకశక్తి పరీక్ష పెడతాడు. ఆ మార్కుల్ని సీజన్ మొదట్లో వచ్చిన మార్కులతో పోల్చి చూస్తాడు. అందుకని కెప్టెన్ మొదటి పరీక్షలోనే కావాలని తప్పులు చెప్పేవాడు. ఇక ఎంత దెబ్బ తగిలినా తేడా కనిపించదు.

"ఎలా ఉంది నా తెలివి?" అన్నాడు కెప్టెన్.

బాబాయ్ నవ్వలేదు. ఇప్పటికి ఎన్నిసార్లు తగిలిందని మాత్రం అడిగాడు. అవన్నీ ఎవరు గుర్తుపెట్టుకుంటారన్నాడు కెప్టెన్.

ఫైనల్ రోజు వచ్చింది. దేశం తరఫున కెప్టెన్‌కి అది యాభయ్యో మ్యాచ్. బంతితో దూసుకొస్తున్నవాణ్ణి పడగొట్టబోతే, వాడి మోకాలు వచ్చి కెప్టెన్ కణతకి తగిలింది.

డాక్టరు పక్కకి తీసుకెళ్ళి పరీక్ష పెట్టాడు. పాత మార్కులకీ కొత్త మార్కులకీ పెద్ద తేడా లేదు. కెప్టెన్ మళ్ళీ మైదానంలోకి అడుగు పెట్టబోతుంటే బాబాయ్ సీసా అందించాడు.

"కిందటి మ్యాచ్ ఎవరితో ఆడాం?"

"నీలం జెర్సీలవాళ్ళతో," అన్నాడు కెప్టెన్ తడుముకోకుండా.

బాబాయ్ తన ఎడమ అరచెయ్యి చూసుకున్నాడు. గబగబా డాక్టరు దగ్గరికి వెళ్ళి ఆ చెయ్యి చాపాడు. కెప్టెన్‌కీ కనబడింది. పెన్నుతో రెండు లైన్లు రాసున్నాయి.

'కిందటి మ్యాచ్: ఎర్ర జెర్సీలు.'

'మొదటి పరీక్షలో కెప్టెన్ తప్పులు కావాలనే.'

కెప్టెన్ని బెంచీ మీద కూర్చోబెట్టేశారు. అతని కళ్ళ ముందే జట్టు రెండు పాయింట్ల తేడాతో ఓడిపోయింది. ఆ తర్వాత ప్రకటించిన జట్టులో అతని పేరే లేదు.

బాబాయ్ సామాన్ల గదిలో సీసాలు కడుగుతుంటే వెళ్ళి నిలదీశాడు.

"నిన్ను నమ్మి చెప్పుకున్నాను. ముందే చేతిమీద రాసుకుని మరీ కాచుక్కూర్చున్నావా? నా చోటు ఎవడికి ఇప్పిద్దామని?"

బాబాయ్ గుప్పిట మూసుకున్నాడు.

"తల ఎలా ఉంది నాయనా?"

కెప్టెన్‌కి ఒళ్ళు మండింది. సొంత మనిషనుకున్నవాడు వెన్నుపోటు పొడిచి పైగా పరామర్శ. నేరుగా మేనేజరు దగ్గరికి వెళ్ళి, ఆటగాళ్ళ గుట్టు బయటపెట్టేవాడు జట్టులో ఎందుకని గొడవపెట్టాడు. ఆ వారమే బాబాయ్‌ని పనిలోంచి తీసేశారు. వెళ్ళేటప్పుడు ఆయన గేటు దగ్గర చాలాసేపు నిలబడ్డాడట. కెప్టెన్ బయటికి రాలేదు.

ఏడాది తిరిగింది. ఒక సాయంత్రం కెప్టెన్ తన వీధిలోనే తన ఇల్లెటో తోచక నిలబడిపోయాడు. భార్య ఆస్పత్రికి తీసుకెళ్ళింది.

పెద్ద డాక్టరు తల ఫొటోలు చూసి, ఆ ఫైనల్ తర్వాత మళ్ళీ ఆడారా అని అడిగాడు. లేదన్నాడు.

"బతికిపోయారు. ఇంకొక్కటి తగిలుంటే ఈవిడెవరో కూడా మీకు తెలిసేది కాదు."

కెప్టెన్‌కి ఆరోజు బాబాయ్ చాపిన అరచెయ్యి గుర్తొచ్చింది.

వెతుక్కుంటూ బాబాయ్ ఇంటికి వెళ్ళాడు. పిన్ని తలుపు తీసింది. గదిలో గోడమీద పాత ఫొటో. దేశం జెర్సీ, తను వేసుకున్న ఏడో నెంబరే. లోపల నవ్వుతున్న కుర్రాడు బాబాయే.

"పధ్నాలుగు మ్యాచ్‌లు ఆడారు బాబూ," అంది పిన్ని. "తగిలినప్పుడల్లా దాచుకుని ఆడారు. ఇప్పుడు అందులో ఒక్క మ్యాచ్ గుర్తులేదు. మీ దగ్గర పనిచేసినప్పుడూ అంతే, అన్నీ చేతిమీద రాసుకునే నెట్టుకొచ్చారు. తెలిస్తే పని పోతుందని ఎవరికీ చెప్పనివ్వలేదు."

కిటికీ పక్క కుర్చీలో బాబాయ్ కూర్చుని ఉన్నాడు. కెప్టెన్ వెళ్ళి మోకాళ్ళమీద కూలబడ్డాడు.

"తప్పయిపోయింది బాబాయ్."

ముసలాయన మర్యాదగా నవ్వాడు.

"ఎవరు కావాలండీ మీకు?"

పని పోయినప్పటినుంచీ పొద్దున్నే లేచి ఒకటే మాట రాసుకుంటున్నారని పిన్ని వెనకనుంచి చెప్పింది. నిన్న రాసుకున్నది చెయ్యి కడిగేలోపే చూసి, మళ్ళీ దిద్దుకుంటారట.

కెప్టెన్ ఆ ఎడమ చేతిని మెల్లగా విప్పి చూశాడు.

'కెప్టెన్ వస్తే, తల ఎలా ఉందో అడగాలి.'